గోడ మీద పడిన పాట

మా ముత్తాతగారు గుంటూరుకు పడమటి వైపు నల్లరేగడిలో పత్తి నుంచి గింజలు తీసే మొదటి జిన్నింగు మిల్లు పెట్టిన మనిషి. మా తాతగారి కాలంలో ఆ మిల్లు గేటు ముందు నుంచి వెళ్లేవాళ్లు బండి దిగి నడిచేవారు. దిగమని ఎవరూ అడగలేదు, దిగేవారు, అంతే. చుట్టుపక్కల ఊళ్ల పొలం గట్ల తగాదాలు మా అరుగు మీదే తీరేవి. మా నాన్నగారు ఐపీ పెట్టారు. తెలియని పిల్లల కోసం చెబుతున్నాను, ఐపీ పెట్టడమంటే దివాలా తీశానని కోర్టులో ఒప్పుకోవడం. నేను పెళ్లిళ్లలోనూ ప్రారంభోత్సవాల్లోనూ పాడే ఆర్కెస్ట్రాలో కంప్యూటరు దగ్గర కూర్చునే పని చేసి రిటైరయ్యాను. నాలుగు తరాలనూ ఇలా వరసగా చెప్పుకోవడానికి నాకేం సిగ్గు లేదు. సిగ్గుపడటం మా ఇంట్లో ఎవరూ నేర్పలేదు. భయపడటం మాత్రం నా అంతట నేనే నేర్చుకున్నాను.

అది ఎక్కడ నేర్చుకున్నానో కూడా తెలుసు. నేను కాలేజీలో చదువుతుండగా ఒక ఉదయం మా మిల్లు గేటుకు వేలం నోటీసు అతికించారు. పెద్ద పెద్ద అక్షరాలు. దారిన పోయేవాళ్లు ఆగి, తలలెత్తి, పైకి చదువుతున్నారు. చదువు రానివాళ్లు వచ్చినవాళ్ల చేత చదివించుకుంటున్నారు. నేను గేటుకు లోపలి వైపు నిలబడి ఉన్నాను కాబట్టి నాకు అక్షరాలు కనిపించలేదు. ఊచల సందుల్లోంచి మొహాలు మాత్రం కనిపించాయి. అందరి కళ్లూ ఒక్కసారే పైకి లేచి, ఒక్కసారే కిందికి దిగి, అప్పుడు లోపలున్న నన్ను చూశాయి. ఆ తర్వాత ఎన్నో వేదికల పక్కన కూర్చున్నాను. జనం మొహాల్లో ఆ చూపు మళ్లీ వస్తుందేమోనని ప్రతిసారీ వెతుక్కున్నాను.

మా బృందంలో నన్నందరూ 'కామందుగారూ' అని పిలిచేవారు. గౌరవంతో కాదు, ఎగతాళికి. నేను నేల మీద కూర్చుని వైర్లు కలిపేటప్పుడు కూడా వెన్ను వంచనని మా మేనేజరు పెట్టిన పేరది. అతను ప్యాడ్లు వాయించేవాడు, కచేరీలు కుదిర్చేవాడు, నోరు మూసుకుని కూర్చోవడం చేతకానివాడు. నా కుటుంబం సంగతి అతనికి తెలియదు. ఎవరికీ చెప్పలేదు.

మా ప్రధాన గాయకుణ్ణి అందరం మాస్టారు అనేవాళ్లం. డ్రిల్లు మాస్టారుగా రిటైరై, ఆ వయసులోనూ మైకు ముందు నిటారుగా నిలబడి పాడేవారు. చేత్తో కాగితం ముట్టేవారు కాదు. మా బ్యానరు మీద ఆయన బొమ్మ కింద 'కాగితం పట్టని గొంతు' అని రాయించాడు మేనేజరు. ఆ ఒక్క మాట మీదే మాకు కచేరీలు వచ్చేవి. మాతో పాడే అమ్మాయి ఫోన్లో చూసి పాడుతుంటే మాస్టారు ఊరుకునేవారు కాదు.

"పాటని చేతిలో పట్టుకుని తిరుగుతావేంటమ్మా? కడుపులో ఉండాలి గానీ."

"కడుపులో ఇప్పటికే బిర్యానీ ఉంది మాస్టారూ, చోటు లేదు," అనేది ఆ అమ్మాయి.

మొదటి తడబాటు పొదిలిలో వచ్చింది. ఒక పెళ్లిలో మాస్టారు మొదటి చరణమే రెండుసార్లు పాడారు. అడక్కుండానే మళ్లీ పాడారనుకుని జనం చప్పట్లు కొట్టారు. నాకు మాత్రం తెలిసిపోయింది. వాద్యాలు రికార్డయిన ట్రాకు రెండో చరణానికి నడుస్తోంది, మాస్టారు మొదటి దాంట్లో ఉన్నారు, ఆ తేడా ఆయనకు తెలియలేదు.

రెండోది కనిగిరిలో. ఈసారి ఆగిపోయారు. నోరు తెరిచే ఉంది, మాట లేదు. ట్రాకు తన దారిన తాను పోతూనే ఉంది. మేనేజరు మైకు లాక్కుని, "మాస్టారికి లోపల వడ్డించే గారెలు గుర్తొచ్చినయ్యండీ, పాట ఎగిరిపోయింది!" అన్నాడు. అందరూ నవ్వారు. మాస్టారు కూడా నవ్వారు, కానీ మైకు స్టాండును పట్టుకున్న చెయ్యి వదల్లేదు.

గుంటూరులో విత్తనాల కొట్టు పైన మాకు ప్రాక్టీసు గది ఉండేది. మరుసటి వారం మాస్టారి భార్య అక్కడికొచ్చి నన్ను మెట్ల దగ్గరకు పిలిచారు.

"అన్నయ్యగారూ, ఆయనకి ఈ మధ్య పక్కింటాయన పేరు కూడా తట్టట్లేదు. డాక్టరు గారు ఏదో పేరు చెప్పారు, అది నాకే గుర్తుండలేదు. ఏం మర్చిపోయినా సర్దుకుంటాను. పాట మర్చిపోయాడని పదిమందిలో అనిపించుకుంటే మాత్రం ఆయన మళ్లీ గడప దాటడు. నా మొగుడి సంగతి నాకు తెలుసు. ఏదైనా చెయ్యండి."

"కాగితం పట్టుకోమంటే?"

"చెయ్యి నరుక్కుంటాడు."

నాకు తెలిసిన మార్గం ఒక్కటే. మీరిప్పుడు ఫోన్లో పాట పెడితే దాని మాటలు వాటంతటవే కింద నడుస్తాయి, మీకది వింత కాదు. కంప్యూటర్లోనూ అలాంటి చిన్న ప్రోగ్రాము ఉంటుంది. తెర మీద ఇంకేం తెరిచి ఉన్నా, వాటన్నిటి పైనా ఒక పట్టీలా పాట మాటలు తేలుతూ కనిపిస్తాయి. పాట నడుస్తున్న కొద్దీ పాదం మారుతుంది. గాయకుడి కాళ్ల దగ్గర ఏటవాలుగా ఒక స్పీకరు పెట్టె ఉంటుంది కదా, పాడైపోయిన అలాంటి పెట్టె ఒకటి తీసుకుని, లోపలి సామాను తీసేసి, చిన్న తెర బిగించి, ముందు నల్లటి జాలీ గుడ్డ కట్టాను. పైన నిలబడిన మనిషికి తప్ప ఇంకెవరికీ కనపడదు.

మాస్టారి ఇంటి ముందు గదిలో దాన్ని అమర్చాను. మొదట అక్షరాలకు బదులు ఖాళీ డబ్బాలు వచ్చాయి. అక్షరాల రూపం, అంటే ఫాంటు, మారిస్తే తెలుగు వచ్చింది గానీ, గుడులూ కొమ్ములూ అక్షరాల్ని వదిలేసి పక్కన విడిగా నిలబడ్డాయి. మాస్టారు వంగి చాలాసేపు చూశారు.

"నా తలకాయ లోపల కూడా ఈ మధ్య ఇట్టాగే ఉంటందయ్యా," అన్నారు.

ఆయన భార్య వంటింట్లోకి వెళ్లిపోయారు. నేను మరో అక్షర రూపం వెతుకుతున్నట్టు తల దించుకున్నాను.

సరైన రూపం దొరికింది. ఇక రంగుల సంగతి. మామూలుగా ఆ పట్టీలో పాట నడిచిన కొద్దీ మాటల్లోకి ఎడమ నుంచి కుడికి రంగు నిండుతూ పోతుంది. మాస్టారికి అది పడలేదు. "వెనకాల కుక్క తరుముకొస్తున్నట్టుంది, తియ్యి దాన్ని," అన్నారు. తీసేశాను. పాడే పాదం పసుపు, రాబోయే పాదం తెలుపు, వెనక నలుపు. పాట గొంతులోకి రాకముందే మాట కంటికి అందాలి కాబట్టి, ప్రతి పాదమూ ఒక ఊపిరి ముందే వచ్చేలా జరిపాను. ఇవన్నీ తేలికే. కష్టమైంది పాటలకు వేళలు కట్టడం. ట్రాకు వింటూ, ప్రతి పాదమూ మొదలయ్యే చోట ఒక మీట నొక్కుతూ పోవాలి. ఒక్కటి తప్పితే దాని వెనకవన్నీ తప్పుతాయి. ఆయన పాడే పాటలన్నిటికీ అలా నేనే కట్టాను. మీట మీద వేలు పెట్టుకుని కూర్చుంటే, ఆయన మనసులో ఏ పాదం ఎప్పుడు జారిపోతుందోనని నాకే భయంగా ఉండేది.

ఒకరోజు ఆవిడ బల్ల తుడుస్తుంటే మౌసు కదిలి పట్టీ ఎక్కడో మూలకు పోయింది. వేదిక మీద ఇలా అయితే? ఆ ప్రోగ్రాములో పట్టీని ఉన్నచోటనే బిగించేసే ఏర్పాటు ఒకటుంది. బిగించాక మౌసు పెట్టినా అందదు, లాగినా రాదు. అలా బిగించేశాను. నేను చేసిన సర్దుబాట్లన్నిటిలోనూ నాకు గర్వంగా అనిపించింది ఆ తాళమే.

మేనేజరుకు మొదటి కచేరీలోనే తెలిసిపోయింది. జాలీ గుడ్డ మీదికి వంగి, "ఓర్నీ! స్పీకర్లో టీవీ పెట్టారేందయ్యా! కామందుగారూ, మధ్యలో క్రికెట్టు కూడా వస్తదా?" అన్నాడు. తర్వాత అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. "బయటికి పొక్కిందా, మనల్ని పిలిచేవాడుండడు. ఆ బ్యానరు చూసేగా పిలిచేది."

మిరప కోతలు అయ్యేదాకా బాగానే గడిచింది. మాస్టారు ఒద్దికగా తల వంచినట్టు నటించడం నేర్చుకున్నారు. వినయం పెరిగిందని జనం మెచ్చుకున్నారు కూడా. కానీ పాట మొదలైన ప్రతిసారీ నాకు భయంగానే ఉండేది. ఆయనకూ అంతే. పాటకు ముందు నా వైపు ఒక్కసారి చూసేవారు. నేను తలూపేవాణ్ణి. తలూపేటప్పుడు కూడా నాకు నమ్మకం ఉండేది కాదు.

అప్పుడొచ్చింది ఆ కచేరీ. మిర్చి కోల్డ్ స్టోరేజీ ప్రారంభోత్సవం. ఊరి పేరు మేనేజరు చెప్పగానే నా వెన్ను ఇంకాస్త బిగుసుకుంది. మా ఊరే. వెళ్లి చూస్తే మా మిల్లు స్థలమే. గేటూ గోడలూ లేవు. షెడ్లు లేవు. పూర్వం పత్తి తూచే కాటా ఉన్న చోట వేదిక కట్టి షామియానా వేశారు. పక్కనే దిగుతున్న మిర్చి టిక్కీల, అంటే గోనె బస్తాల, ఘాటుకు వచ్చిన వాళ్లందరూ తుమ్ముతున్నారు. నేను ఎవరికీ ఏమీ చెప్పకుండా పెట్టెలు దించుకున్నాను.

ఆ కోల్డ్ స్టోరేజీ యజమాని మర్యాదస్థుడు. ఆయన కోరింది ఇది. ఉదయం ముహూర్తానికి ఒక పెద్దాయన మీట నొక్కి శీతల యంత్రాలు నడిపిస్తారు. సరిగ్గా ఆ వేళకు మాస్టారి పాట నడుస్తూ ఉండాలి. వేదిక వెనక గోడంత తెర మీద కోల్డ్ స్టోరేజీ వీడియో కనపడాలి. పాట అవగానే మాస్టారికి సన్మానం. వీడియో కూడా నా కంప్యూటరు నుంచే పంపమన్నారు. అంటే పెట్టెలోని తెరకు మాటలు, వెనక గోడకు వీడియో. రెండింటినీ విడివిడిగా అమర్చి, ఒకటికి పదిసార్లు చూసుకున్నాను.

నా కంప్యూటరుకూ పెట్టెలోని తెరకూ బ్యాటరీ ఉంది. గోడ తెర తాలూకు మనిషిని అడిగాను, "కరెంటు పోతే మీ సంగతేంటి?" అని.

"మాకు జనరేటరుందండీ. మీరేం భయపడబాకండి," అన్నాడు.

భయపడాల్సింది కరెంటు పోవడం గురించి కాదని మా ఇద్దరికీ తట్టలేదు. పూర్వం మా మిల్లు యంత్రాలు లేచేటప్పుడు ఆఫీసు దీపాలు ఒక్క క్షణం కునికేవి. చిన్నప్పుడు రోజూ చూసిన సంగతే. అదే నేల మీద కూర్చుని ఉండి కూడా అది నాకు గుర్తు రాలేదు.

ముహూర్తం దగ్గర పడింది. మాస్టారు నా వైపు చూశారు. తలూపాను. పాత పాట, నెమ్మదిగా నడిచేది. పల్లవి నిండుగా వచ్చింది. మొదటి చరణం దాటింది. పంతులుగారు చెయ్యెత్తారు, పెద్దాయన మీట నొక్కారు. షెడ్డు వెనక యంత్రాలు గుర్రుమని లేచాయి. షామియానాలో దీపాలు వాడిపోయి మళ్లీ వెలిగాయి. వెనక గోడ ఒక్కసారి నల్లబడి తిరిగి వచ్చింది. బ్యాటరీ ఉంది కాబట్టి పాటకు ఏమీ కాలేదు. హమ్మయ్య అనుకున్నాను.

అప్పుడు చూశాను ఆ చూపు. ముందు వరస నుంచి చివరి వరస దాకా అందరి కళ్లూ ఒక్కసారే పైకి లేచాయి. మాస్టారి తలకు పైకి. కొందరి పెదాలు కదులుతున్నాయి. చదువుతున్నారు.

నాకు వెనక్కి తిరగాలనిపించలేదు. తిరిగాను. గోడ నిండా మనిషెత్తు పసుపు అక్షరాలు. పాడుతున్న పాదం పసుపు, రాబోయేది తెలుపు. గోడ ఆరి వెలిగేసరికి నా కంప్యూటరు రెండు తెరలనూ తారుమారు చేసేసింది. మాటలు గోడకెక్కాయి, వీడియో పెట్టెలోకి దిగింది. మాస్టారి కాళ్ల దగ్గర ఇప్పుడు మిర్చి టిక్కీలు లిఫ్టులో పైకి పోతున్నాయి.

మౌసుతో పట్టీని పట్టుకోబోయాను. అందలేదు. ఎవరూ కదపకూడదని బిగించింది నేనే కదా. విప్పాలంటే ఎక్కడెక్కడికో వెళ్లాలి, అంత వ్యవధి లేదు. గోడకు పోయే కేబులు పీకేస్తే అక్షరాలు పోతాయి. కానీ అవి పెట్టెలోకి తిరిగొస్తాయో, అసలు కంప్యూటరే ఆగిపోతుందో తెలియదు. పీకితే మాస్టారికి మాట అందదు. పీకకపోతే ఆయన పరువు గోడ మీద వేలాడుతూ ఉంటుంది. కేబులు వేళ్ల మధ్య పట్టుకుని అలాగే ఉండిపోయాను.

మాస్టారు కిందికి చూశారు. టిక్కీలు. మళ్లీ చూశారు. రెండో చరణం మొదటి పాదం అలవాటు మీద వచ్చింది. రెండో పాదానికి గొంతు ఆగింది. ట్రాకు నడుస్తోంది. ఆయన తల తిప్పి నన్ను చూశారు. అంత నిటారైన మనిషి కళ్లలో అంత భయం నేనెప్పుడూ చూడలేదు. మా నాన్నగారి కళ్లలో చూసి ఉండాల్సింది. వేలం నోటీసు అతికించిన ఆ రోజు నేను జనం వైపే చూస్తూ ఉండిపోయాను.

కేబులు వదిలేశాను. లేచి నిలబడ్డాను. వేదిక పక్కనున్న నేను అందరికీ కనపడుతున్నానని తెలుసు. చెయ్యెత్తి, ఆయన వెనక ఉన్న గోడను చూపించాను.

మాస్టారు వెనక్కి తిరిగారు. జనానికి వీపు పెట్టి, తలెత్తి, బడిలో నల్లబల్ల ముందు నిలబడిన పిల్లాడిలా ఆ అక్షరాలు చూశారు. మైకు నోటి దగ్గర పెట్టుకుని, వచ్చిన పాదం వచ్చినట్టు చదువుకుంటూ పాడటం మొదలుపెట్టారు.

"మాస్టారూ, మొహం ఇటు తిప్పండి!" ఎవరో అరిచారు. "గోడకి పాడతన్నారేంది?"

నవ్వులు లేచాయి. మేనేజరు నోరు తెరిచాడు, మాట రాలేదు. అదొక్కసారే చూశాను నేను. చరణం అయ్యాక వాద్యాలు మాత్రమే వచ్చే చోట మాస్టారు జనం వైపు తిరిగారు.

"మర్చిపోతున్నానండీ," అన్నారు మైకులో. "జబ్బు. అందుకని రాయించుకున్నాను. ఇదిగో, కామందుగారు రాసిపెట్టారు."

నవ్వులు ఆగాయి. చప్పట్లు రాలేదు. ఎవరో తుమ్మారు. మాస్టారు మళ్లీ గోడ వైపు తిరిగి మిగతా పాట పాడారు. గొంతులో వణుకు చివరిదాకా పోలేదు. తర్వాత యజమాని శాలువా కప్పాడు. యాంకరు తన చేతిలో రాసి ఉన్నదాన్నే 'కాగితం పట్టని గొంతు' అంటూ చదివేసి, మధ్యలో తెలిసి ఆగిపోయాడు. ఆ శాలువా అంచు సర్దుకుంటూ మాస్టారు నా దగ్గరకొచ్చారు. నేను తిట్ల కోసం నిలబడ్డాను.

"గోడ మీద అక్షరాలు బాగున్నయ్యయ్యా, పెద్దగా. కళ్లకి సుఖంగా ఉంది. ఆ పెట్టె ఎందుకింక? నడుం నొప్పి."

ఆ తర్వాత పెట్టె పక్కన పడేశాం. తెరను స్టాండు మీద ఆయన ముందే, అందరికీ కనపడేలా పెట్టాం. బ్యానరు మీది మాట మేనేజరు స్వయంగా తెల్ల రంగు పూసి చెరిపాడు. కచేరీలు తగ్గాయి, ఆగిపోలేదు. మాస్టారు ఆ ఏడాది పాడారు. భయం తగ్గిందని చెబితే అబద్ధం. అంతకుముందు జనానికి తెలుస్తుందని భయపడేవాళ్లం. తర్వాత అసలు జబ్బుకే భయపడ్డాం. ఒక ప్రాక్టీసు రోజున తెర మీద మాటలు చక్కగా వస్తున్నాయి, ఆయన చదువుతున్నారు, పాట మాత్రం గొంతులోంచి రావట్లేదు. "ఇది ఎవరి పాటయ్యా? కొత్తదా?" అని అడిగారు. ఆయన ముప్పై ఏళ్లు పాడిన పాట. నేను ట్రాకు ఆపేశాను. ఆ తర్వాత ఆయన ఇంటికి వెళ్తే, తెర పెట్టేవాణ్ణి కాదు. ఆయన భార్య వంటింట్లోంచి కూనిరాగం తీస్తే ఆయన కాలు కదిపేవారు.

ప్రారంభోత్సవం రోజు సంగతి ఇంకొకటి మిగిలింది. వైర్లు చుట్టుకుంటుంటే కర్ర పట్టుకున్న ఒక ముసలాయన వచ్చి నా ముందు నిలబడ్డాడు.

"నువ్వు మిల్లు కామందుగారి మనవడివి గదూ? నువ్వు లేచి చెయ్యెత్తినప్పుడే అనుకున్నా. ఆ నిలబడే తీరు ఆయనదే."

మేనేజరు పక్కనే ఉన్నాడు. ప్యాడ్లు సంచిలో పెడుతున్న చేతులు ఆగిపోయాయి. కాదనడానికి నాకెప్పుడూ మాటలు సిద్ధంగా ఉండేవి. పదిమందిలో 'మర్చిపోతున్నానండీ' అన్న గొంతు ఇంకా చెవుల్లో ఉండగా అవి నోటికి రాలేదు.

"అవునండీ. ఇది మా మిల్లు స్థలమే," అన్నాను.

"ఓర్నీ, కామందుగారూ!" అన్నాడు మేనేజరు. నా చేతిలోని వైర్ల చుట్ట తీసుకుని వ్యానులో పెట్టాడు.

ముసలాయన చుట్టూ చూసి, "పెద్ద గేటొకటి ఉండేది గదయ్యా. రెండు రెక్కలది. ఏమైంది?" అని అడిగాడు.

ఏమైందో చెప్పాను. మిల్లు వేలంలో పోయింది. ఇల్లు, పొలం మా నాన్నగారు అమ్మారు. వేలంలో కొన్నవాళ్లు షెడ్లు పడగొట్టి గేటు మాత్రం మాకు వదిలేస్తే, నాన్నగారు పోయాక పాత ఇనుము కింద నేను అమ్మాను.